కొండెక్కిన దీపం

1978 ఫిబ్రవరి 4, శనివారం

మొక్కుకున్న మాట నోరు దాటకూడదని మా అమ్మ చెప్పేది. దాటితే అది స్వామి దగ్గరికి పోకుండా ఊళ్లోనే తిరుగుతూ ఉంటుందట. ఈ రోజు పొద్దున గోవిందరాజస్వామి గుళ్లో నేనొక మొక్కు మొక్కాను. మధ్యాహ్నానికే అది గొంతులో అడ్డం పడింది. మా ఆయనకు చెప్పలేను. పక్కింటి కుప్పమ్మకు చెబితే దీపాలు పెట్టే వేళకు అలిపిరి దాటిపోతుంది. నోటితో చెప్పకూడదన్నారు గాని చేత్తో రాయకూడదని ఎవరూ అనలేదు. అందుకని అంగట్లో ఎవరో ఇచ్చిపోయిన ఈ డైరీ తెచ్చుకున్నాను. ఎస్సెల్సీ పరీక్ష తరువాత ఇంతసేపు పెన్ను పట్టడం ఇదే.

మొక్కు ఇది. మా తమ్ముడు ధనంజయకు రంగుల సినిమా దక్కాలి. దాన్ని నేను కళ్లారా చూడాలి. చూస్తే అలిపిరి నుంచి కొండ దాకా ప్రతి మెట్టుకూ పసుపు రాసి కుంకుమ పెడతాను.

నా మోకాళ్ల సంగతి స్వామికి తెలుసు. ఆయనే చూసుకోవాలి.

ఫిబ్రవరి 5

ధనంజయ మద్రాసులో కెమెరామన్. అమ్మ పోయేనాటికి వాడు చిన్నపిల్లవాడు. నా దగ్గరే పెరిగాడు.

మా నాయనది ఇత్తడి సామాన్ల అంగడి. ఇప్పుడు మా ఆయన మునిరామయ్యగారు చూసుకుంటున్నారు. ధనంజయ అంగట్లోంచి కొత్త తాంబాళం ఎత్తుకొచ్చి, నన్ను నీడలో కూర్చోబెట్టి, ఎండను తాంబాళంతో పట్టి నా ముఖం మీద వేసేవాడు. నేను కళ్లు మూసుకుంటే, “అక్కా, కండ్లు మూస్తే నీకేం అందం?” అని అరిచేవాడు. తాంబాళానికి సొట్ట పడిందని నాయన కొట్టబోతే నేను అడ్డం పోయేదాన్ని.

మద్రాసు పోయి మొదట ట్రాలీ తోశాడు. నల్లగుడ్డ సంచిలో చేతులు దూర్చి, చూడకుండానే కెమెరాకు ఫిల్ము ఎక్కించడం నేర్చుకున్నాడు. ఫోకస్ చూశాడు, అసిస్టెంట్ అయ్యాడు. తెర మీద పేరు పడటానికి చాలా ఏళ్లు పట్టింది. పడ్డాక మాత్రం వరసగా పడింది. అన్నీ బ్లాక్ అండ్ వైటే. వాడి సినిమాల్లో అమ్మలందరి ముఖాల మీదా ఒక పక్కనుంచి మెత్తటి వెలుతురు పడుతుంది. మా అమ్మ పొయ్యి ముందర అట్లాగే ఉండేది.

ఇప్పుడంతా ఈస్ట్‌మన్ కలర్. నిర్మాతలు వాణ్ని చూసి దండం పెడతారట, మంచినీళ్లిస్తారట, సినిమా మాత్రం ఇవ్వరట. ధనంజయ బ్లాక్ అండ్ వైట్ మనిషి అంటారట. పోయిన దీపావళి నుంచి పని లేదు. మా మరదలు నిర్మలమ్మ చెప్పింది, వాడు మిద్దె మీదికి పోయి ఆరేసిన చీరల ముందు, రంగుల మీద వెలుతురు కొలిచే లైట్ మీటర్ పట్టుకుని నిలబడతాడట. కింద వాళ్లింటి ఆమె, మీ ఆయనకు ఆడవాళ్ల చీరలతో ఏం పని అని అడిగిందట. చెప్పి నవ్వింది. నవ్వాక కళ్లు తుడుచుకుంది.

వాడు ఎప్పుడో ఇచ్చిన ఖాళీ ఫిల్ము డబ్బా నా దేవుడి గదిలో ఉంది. వత్తులు వేసుకుంటాను. తేమ తగలదు.

ఫిబ్రవరి 7

ఎలక్షన్ జీపులు. మైకుల మోతలో సహస్రనామం రెండుసార్లు తప్పిపోయింది.

ఫిబ్రవరి 12, ఆదివారం

ధనంజయ వచ్చాడు. చిక్కిపోయాడు. అయినా గుమ్మంలోనే, “అక్కా, రంగుల పిక్చరు” అన్నాడు. నేను తలుపుకు ఆనుకుని నిలబడిపోయాను.

నిర్మాత చిత్తూరు మామిడికాయల మండీ కృష్ణమూర్తిగారు. డైరెక్టర్ గంగాధరం, పూనాలో సినిమా చదువు చదివొచ్చిన అబ్బాయి. ధనంజయ పాత సినిమాలు చూసి, ఈయనే కావాలని పట్టుబట్టాడట. కృష్ణమూర్తిగారు ఒక షరతు పెట్టారు. తిరుపతి, చంద్రగిరి చుట్టుపక్కల మొదటి షెడ్యూల్ తీయాలి. ఆ తీసిన ముక్కలు, రషెస్ అంటారట, ఆయన చూస్తారు. రంగు బాగుంటే ధనంజయ. లేకపోతే మిగతా సినిమాకు మద్రాసు నుంచి వేరే మనిషి. “పండు సూడకుండా తోట కొనను గదప్పా” అన్నారట.

ఇది పోతే ఇంకొకరు పిలవరు. వాడు ఆ మాట అనలేదు. రెండోసారి అన్నం వద్దన్నాడు, అంతే.

ఇంకొకటి అడిగాడు. కథలో దేవుడి గది సీన్లున్నాయి. సెట్టు వేసే లెక్క లేదట. మన గది ఇస్తావా అని. మా ఆయన నాకంటే ముందు తల ఊపారు. మా అంగడి తాంబాళాలు కూడా వాడుకోమన్నారు. “సామాన్లకు బాడుగ వద్దుగానీ బామ్మర్దీ, టైటిల్స్‌లో నా తాంబాళం పేరెయ్యి” అన్నారు.

మార్చి 2

ఈ రోజు మన గదిలోనే ముహూర్తం. మొదటి షాట్ మనుషుల మీద తీయరు, దేవుడి పటం మీద తీస్తారు. ఇన్నేళ్లుగా వాడు ఈ పనిలో ఉన్నా నాకు తెలియదు. కెమెరాకు బొట్టు పెట్టారు, పూలదండ వేశారు, టెంకాయ కొట్టి హారతి ఇచ్చారు. ఆ తరువాత ధనంజయ చెప్పులు విడిచి వచ్చి నా వేంకటేశ్వరుడి పటాన్ని తీశాడు. కెమెరా మిషను సన్నగా కుట్టుమిషనులాగా చప్పుడు చేసింది. అందరూ చేతులు జోడించారు.

కుప్పమ్మ నా చెవిలో, “మీ సామికి గూడా ఏసం గట్టించినారా ఏంది?” అంది. నవ్వు ఆపుకోలేక వంటింట్లోకి పోయాను.

మార్చి 9

ఎక్కడ మొదలుపెట్టాలో తెలియడం లేదు.

వీధిలో జనరేటర్ వ్యాన్. అరుగు మీద, గడపల మీద కేబుళ్లు. లైట్ల వేడికి దేవుడి గదిలో గిన్నెలో వెన్న నెయ్యి అయింది. కృష్ణమూర్తిగారు మా నడవలో కుర్చీ వేసుకుని చెమట తుడుచుకుంటూ కూర్చున్నారు.

సీను ఏమిటంటే, మొగుడు ఇల్లు వదిలిపోయిన రోజు కోడలు దేవుడి మీద అలుగుతుంది. దీపం ఆర్పేస్తుంది. వెలుగుతున్నది నా దీపపు కుంది. అందులో ఉన్నది పొద్దున నేను వెలిగించిన దీపం.

దీపం వెలుతురు ఫిల్ముకు చాలదట. అందుకని కుంది వెనక కనిపించకుండా ఒక బల్బు పెట్టాడు ధనంజయ. ఆ వెలుతురు తాంబాళానికి తగిలి కోడలి వేషం వేసిన అమ్మాయి ముఖం మీద పడుతుంది. చూసేవాళ్లకు దీపం వెలుతురే అనిపిస్తుంది. తాంబాళం చూసి నేను నవ్వితే వాడూ నవ్వాడు.

అప్పుడు గంగాధరం ఆ అమ్మాయితో, దీపాన్ని నోటితో ఊదేయమని చెప్పాడు. ఒక్క ఊపిరి, ఫూ అని. కోపం తెలియాలి అన్నాడు. అతను మంచివాడు. నన్ను అమ్మా అనే పిలుస్తాడు.

ఈ గదిలో దీపం మీద ఏనాడూ ఎంగిలి ఊపిరి పడలేదు. ఆర్పడం అనే మాటే మా ఇంట్లో లేదు. కొండెక్కింది అంటాము. ఆ మాట అన్ని ఊళ్లలోనూ ఉంది, కాని తిరుపతిలో పుట్టినవాళ్లకు కొండ అంటే ఒకటే కొండ. దీపం ఆరలేదు, పైకి, ఆయన దగ్గరికి పోయింది అనుకుంటాము.

అడ్డు చెబుదామంటే నడవలో కృష్ణమూర్తిగారు. నా మాట వల్ల పని ఆగితే ఆ పేరు ధనంజయ మీదికే పోతుంది. కెమెరామన్ అక్కగారి ఇంట్లో మడి గొడవ అంటారు. నోరు మూసుకుని స్వామికి క్షమాపణ చెప్పుకున్నాను.

కిటికీ అవతలి నుంచి కుప్పమ్మకు అటువంటి బాధలేమీ లేవు. “ఇంట్లో దీపం ఊదమంటా ఉండాడే, వీని సదువు తగలబడ! మీ అమ్మ నేర్పలేదా నాయనా?” అని అరిచింది. వీధి వీధంతా నవ్వింది. గంగాధరం ముఖం ఎర్రబడింది. కృష్ణమూర్తిగారు విసుక్కుని, “ఎవురబ్బా ఆ యమ్మ? ఒక లడ్డు చేతిలో పెట్టి పంపించండి” అన్నారు.

ఆ గోలలో హీరోయిన్ అమ్మాయి నా పక్కకు జరిగింది. నెల్లూరు వైపు పిల్ల. మీ ఇంట్లో ఎట్లా చేస్తారమ్మా అని మెల్లగా అడిగింది. ఆ పిల్లకూ ఊదడానికి నోరు రావడం లేదు.

నాకు ఏమయిందో తెలియదు. పటం దగ్గరి గన్నేరుపువ్వు తీసుకుని, దాని కాడతో వత్తిని నూనెలోకి మెల్లగా వెనక్కి లాగాను. మంట చిన్నదయింది. ఇంకా చిన్నదయింది. చుక్కయింది. “ఇట్లమ్మా, ఇట్ల కొండెక్కిస్తాము” అన్నాను. తల ఎత్తి చూస్తే గదిలో అందరూ నన్నే చూస్తున్నారు.

ధనంజయ కెమెరా నుంచి కన్ను తీయకుండానే, “అక్కా, ఇంకొక తూరి” అన్నాడు.

వెలిగించి మళ్లీ చేశాను. వాడు గంగాధరాన్ని పిలిచి కెమెరాలో చూపించాడు. ఊదితే ఒక్కసారిగా నల్లగా అయిపోతుంది, ముఖంలో ఏముందో చూసే లోపలే పోతుంది, ఇట్లయితే వెలుతురు ముఖం మీద నుంచి దిగి పోవడం కనిపిస్తుంది అని చెప్పాడు. గంగాధరం కాసేపు చూసి, ఇదే బాగుంది అన్నాడు. ఆ పిల్లకు పువ్వు కాడ ఇచ్చారు.

కాని దీపంతో పాటు వెనక బల్బు కూడా మెల్లగా తగ్గాలి. దానికి వెలుతురు తగ్గించే డిమ్మర్ కావాలి. వాడి అసిస్టెంట్ వరదయ్యకు ఇది నచ్చలేదు. వాడితో మొదటి నుంచీ ఉన్న పెద్దమనిషి. బ్లాక్ అండ్ వైట్‌లో అయితే సరే సార్, కలర్‌లో డిమ్మర్ తిప్పితే ఎర్రగా పోతుంది, ల్యాబ్ వాళ్లు నవ్వుతారు అన్నాడు.

“ఎంత ఎర్రగా పోతుందప్పా?” అని అడిగాడు ధనంజయ.

కలర్‌లో ఎప్పుడూ తిప్పి చూడలేదు సార్ అన్నాడు వరదయ్య.

“అయితే సూద్దాం” అన్నాడు.

ఒక్కటే టేక్. ఆ పిల్ల ఎంత బాగా చేసిందో చెప్పలేను. కోపంగా వత్తిని లాగబోయి, చివర్లో చెయ్యి నెమ్మదించింది. ఎందుకైనా మంచిది, ఊదేది కూడా ఒకటి తీసి పెట్టుకుందామన్నాడు గంగాధరం. ఫిల్ము ఏమన్నా చెట్టుకు కాస్తా ఉండాదా అన్నారు కృష్ణమూర్తిగారు. అంతటితో సరి.

ఇక అసలు సంగతి. షాట్ అయిపోగానే ధనంజయ గట్టిగా, “లైట్లు కొండెక్కించండప్పా!” అన్నాడు. పెద్ద లైట్లన్నీ టపటప ఆగిపోయాయి. ఎవరూ నవ్వలేదు. వాళ్లకది కొత్త కాదు. నేను నోరు తెరుచుకుని ఉంటే వరదయ్య చెప్పాడు. ధనంజయ ట్రాలీ తోసే రోజుల నుంచీ లైట్స్ ఆఫ్ అనడట. మద్రాసు ఫ్లోర్లలో తమిళ లైట్‌మెన్ కూడా కొండెక్కు, కొండెక్కు అనే అంటారట. తెలుగులో స్విచ్ కట్టేయడాన్ని అదే అంటారని వాళ్ల నమ్మకమట.

వంటింట్లోకి పోయి కూర్చున్నాను. చాలాసేపు బయటికి రాలేదు.

మార్చి 10

వాళ్లు వెళ్లిపోయారు. గది కడిగాను. ఆ పువ్వు కాడ దొరికింది, పారేయలేదు.

ఒకటే భయం. ఎర్రగా పోతే? నేను ఆ కాడ పట్టుకోకుండా ఉంటే ఊదేవాళ్లు, బల్బు టక్కున కట్టేసేవాళ్లు, ఏ తప్పూ ఉండేది కాదు. స్వామి దీపం నిలబెట్టాననుకుంటూ తమ్ముడి దీపం...

ఆ మాట రాయను.

మార్చి 27

రషెస్ చూశారు. మద్రాసు నుంచి అంగడికి ట్రంక్ కాల్ వచ్చింది. మా ఆయన ఇంటికొచ్చి చెప్పులు విడవకుండానే చెప్పారు. ఎండలో తీసినవన్నీ బాగున్నాయట. దేవుడి గది మాత్రం ఎర్రగా వచ్చిందట. ఫిల్ము కడిగే ల్యాబ్‌లో ఎవరో కృష్ణమూర్తిగారితో, ఇది పాతకాలం వాళ్లు చేసే తప్పు, కలర్ తెలిసినవాడు చేయడు అన్నారట. ఆయన తరువాతి షెడ్యూల్ ఆపేశారు. వేరే కెమెరామన్‌ని చూస్తున్నారట.

నన్నేమైనా అన్నాడా అని అడిగాను. మా ఆయనకు ప్రశ్న అర్థం కాలేదు. నిన్నెందుకంటాడు, నీ మోకాళ్ల నొప్పి ఎట్లా ఉండాదని అడిగినాడు అన్నారు.

ఏప్రిల్ 14

మొక్కులో ఒక్క ముక్క మార్చలేదు. స్వామితో బేరం లేదు.

మే 9

గంగ జాతర దగ్గర పడింది. వీధుల్లో వేషాలు. మసి పూసుకున్న పిల్లవాడొకడు వచ్చి నన్ను భయపెట్టబోయాడు. నల్లటి ముఖం మీద తెల్లటి బొట్లు. బ్లాక్ అండ్ వైట్ అనుకుని రూపాయిచ్చాను. వాడు ఆశ్చర్యపోయాడు.

మే 28, ఆదివారం

ధనంజయ వచ్చాడు! చెప్పాపెట్టకుండా, చిత్తూరు నుంచి, బుట్టెడు బంగినపల్లి పండ్లతో. పండ్లు చూడగానే నాకు అర్థమయింది. వాడు గుమ్మంలో నవ్వుతూ నిలబడ్డాడు. నేను ఏడ్చాను. మా ఆయన మాత్రం ముందుగా ఒక పండు వాసన చూశారు.

జరిగింది ఇది. దేవుడి గది సీను మళ్లీ తీద్దామంటే ఆ అమ్మాయి డేట్స్ లేవు. అప్పుడు ల్యాబ్ వాళ్లు, మళ్లీ తీయడమెందుకు, ప్రింట్‌లోనే ఎరుపు తీసేస్తామన్నారట. తీసేశారు. కృష్ణమూర్తిగారు వచ్చి కూర్చున్నారు. దిద్దిన ప్రింట్ వేశారు. ఆయన చూసి, పాతది ఒకసారి వేయమన్నారట. మళ్లీ దిద్దినది. మళ్లీ పాతది. ల్యాబ్ వాళ్లు విసిగిపోయారట.

చివరికి ఆయన లేచి, “దిద్దింది మందేసి మాగబెట్టిన కాయ. పాతది సెట్టున మాగింది. నాకు మండీలో ఇరవై ఏండ్లుగా ఇదే పని గదప్పా, నాకా రంగు సెప్పేది? ఆ ఎరుపు తెచ్చి యాడుండేది ఆడ పెట్టండి” అన్నారట. గంగాధరం అక్కడే కుర్చీ మీదికెక్కి చప్పట్లు కొట్టాడట. మర్నాడే ధనంజయ ఇంటికి కారు వచ్చింది.

నిజంగా ఎంత ఎర్రగా ఉందిరా అని అడిగాను. వాడు ఒక పండు నా చేతిలో పెట్టి, “నువ్వే సూస్తావు లేక్కా” అన్నాడు.

అన్నం మళ్లీ మళ్లీ వడ్డించుకున్నాడు. పండ్లు భలే తియ్యగా ఉన్నాయి. కుప్పమ్మకు ఇస్తే, ఆ రోజు నేను అరవకపోయుంటే మీ తమ్ముడికి పిక్చరే లేదు పో అంది. నిజమే అనిపించింది.

ఆగస్టు 25, శుక్రవారం

సినిమా విడుదల. మ్యాట్నీకి పోయాము. మా ఆయన కొత్త పంచె, నేను పెళ్లినాటి చీర. కుప్పమ్మ వడలు కట్టుకొచ్చింది.

ఛాయాగ్రహణం: ధనంజయ. రంగు అక్షరాల్లో. మా ఆయన టైటిల్స్ అయిపోయేదాకా ఊపిరి బిగబట్టి చూసి, “నా తాంబాళం పేరు యెయ్యనే లేదే!” అన్నారు. ముందు వరసవాళ్లు వెనక్కి తిరిగి చూశారు.

కథలో కొన్ని అక్కరలేనివి ఉన్నాయి. డ్యాన్సులప్పుడు నేను తల వంచుకున్నాను.

దీపం సీను వచ్చింది. అది నా గది అని మరిచిపోయాను. ఆ పిల్ల పువ్వు కాడతో వత్తిని లాగింది. ముఖం పచ్చగా, లేత పసుపుగా ఉంది. వెలుతురు తగ్గుతూ ఉంటే ఆ పసుపు ముదిరింది, చెంపల నుంచి ఎరుపు ఎక్కింది, మొత్తం కుంకుమ అయింది. ఆ తరువాత చీకటి. నేల టిక్కెట్టులో ఆడవాళ్లు కొందరు చేతులు కళ్లకు అద్దుకోవడం చూశాను.

పసుపు. కుంకుమ. నా మొక్కు వాడికి ఎవరు చెప్పారు? నేను ఈ కాగితానికి తప్ప ఎవరికీ చెప్పలేదు.

సెప్టెంబరు 22

రేపు పెరటాసి శనివారం, స్వామికి పెద్దరోజు. పసుపు కలిపి పెట్టుకున్నాను. ఎందుకని మా ఆయన అడగలేదు. “నేనూ వస్తా, గిన్నె మోసేదానికి” అన్నారు. అంగట్లో ఉన్న వాటిలో తేలికైన గిన్నె తెచ్చారు.

సెప్టెంబరు 24

ఎక్కాను.

చేతులు పచ్చగా ఉన్నాయి, కడిగినా పోవడం లేదు. మోకాళ్లు నావి కావు. మోకాళ్ల మిట్ట దగ్గర ఒక ముసలామె, ఎవరికమ్మా మొక్కు అని అడిగింది. నవ్వి ఊరుకున్నాను. పైన వెనక్కి తిరిగి చూస్తే సాయంకాలపు వెలుతురు మెట్ల మీద ఒక పక్కనుంచి పడుతోంది. ఎవరో తాంబాళం పట్టుకున్నట్టు.

ఈ డైరీ వత్తులుండే ఆ ఫిల్ము డబ్బాలో పెడుతున్నాను. నా తరువాత దొరికినవాళ్లు పారేయవద్దు. ధనంజయకు మాత్రం చూపించవద్దు. ఆ వెలుతురు వాడిది, వాడికి అట్లాగే ఉండనివ్వండి. డబ్బా మూత మీద ఇంగ్లీషులో రాసి ఉంది, పూర్తి చీకటిలో తప్ప తెరవకూడదని. ఇన్నేళ్లూ ఆ మాట ఒక్క ఫిల్ము కోసమే అనుకున్నాను.